ఆడవాళ్లకు 400, మగవాళ్లకు 800: ఈ కైకిలి రేటు ఎవరు కట్టారు?

నకిరేకల్ బత్తాయి (ప్రశ్న):

అందరికీ నమస్తే. మాది నకిరేకల్ దగ్గర పల్లె. నాలుగెకరాల వరి, రెండెకరాల బత్తాయి. నేను హైదరాబాద్‌లో ఉద్యోగం చేస్తాను, నాన్నకు కంటి ఆపరేషన్ అయిందని ఈ వానాకాలం కైకిలోళ్ల (కూలీల) లెక్కలన్నీ నేనే రాసి, పైసలు కూడా నేనే ఫోన్‌పే కొట్టాను. రాస్తుంటే ఒక సంగతి మింగుడుపడలేదు.

కలుపు తీసిన ఆడవాళ్లకు దినానికి 400, నాట్లప్పుడు 500. ఒడ్లు (పొలం గట్లు) చెక్కిన మగవాళ్లకు 800. నాన్నను అడిగితే "మగోడి పని బరువు పని రా" అన్నాడు. అమ్మ లోపలినుంచి "అయితే పొద్దంతా నడుం వంచి ఒక్క మడి నాటి రమ్మను" అంది. నాన్న టీవీ సౌండ్ పెంచాడు, మాట అక్కడితో ఆగింది.

సరే, బరువు అనే అనుకుందాం. ఈసారి మా పక్క పొలం వాళ్లు నాటుకు బీహార్ ముఠాను పెట్టారు. అందరూ మగ పిల్లలే. దినకూలీ కాదు, ఎకరానికి 4,500 గుత్త, నారు పీకడం కూడా వాళ్లదే. మన ఆడవాళ్లయితే ఎకరానికి పది మంది పైనే పడతారు కాబట్టి మొత్తంగా చూస్తే రైతుకు కొంచెం తక్కువకే అయింది, కానీ తలకు ఎంత పడిందని లెక్కేస్తే ఒక్కొక్కడికి రోజుకు వెయ్యి దాటుతోంది. అదే బురద, అదే నారు, అదే వంగుడు. నిన్నటిదాకా "ఆడోళ్ల పని", మగోళ్లు దిగేసరికి రేటే వేరయింది. మరి బరువు సంగతి ఏమైనట్టు?

నా ప్రశ్నలు రెండు. దీని గురించి చట్టం ఏమైనా అంటుందా? యాసంగికి నేను ఒక్కడినే ఆడవాళ్ల రేటు పెంచితే ఊళ్లో ఏమవుతుంది? తిట్టేవాళ్లు తిట్టండి, కానీ లెక్కతో తిట్టండి.

ఎడమకాల్వ రైతు:

తిట్టను గానీ లెక్క చెప్తాను. నాది మిర్యాలగూడ వైపు, సాగర్ ఆయకట్టు. రేటు నువ్వు కట్టేది కాదు, నేను కట్టేది కాదు, ఊరు కడుతుంది. నాట్లు మొదలయ్యే ముందు ఇద్దరు ముగ్గురు పెద్ద రైతులు ఒక మాట అంటారు, ఆడవాళ్ల ముఠా పెద్దమ్మ ఒక మాట అంటుంది, మధ్యలో ఎక్కడో తెగుతుంది. నువ్వు ఒక్కడివే 600 అంటే పొద్దున్నే ముఠా మొత్తం నీ పొలంలో ఉంటుంది, సాయంత్రం ఊరు మొత్తం మీ నాన్న దగ్గర పంచాయితీకి ఉంటుంది.

రెండోది, బీహార్ పిల్లలతో పోల్చేటప్పుడు గంటలు కూడా రాయాలి కదా. వాళ్లు పొద్దున ఆరింటికి దిగితే చీకటి పడేదాకా మడిలోనే. మన ఆడవాళ్లు వచ్చేసరికి తొమ్మిదిన్నర, పది, మళ్లీ ఐదింటికి ఒడ్డెక్కుతారు. తప్పు పట్టడం లేదు, ఉన్నది చెప్తున్నా.

మూడోది అసలుది. 2025-26కి ఏ గ్రేడ్ వడ్లకు మద్దతు ధర క్వింటాకు 2,389. కేంద్రంలో కాంటా అయ్యేసరికి తరుగు పేరుతో ఎంత పోతుందో అందరికీ తెలుసు. దున్నకం, కోత మిషన్, మందు సంచులు, కౌలు అయితే కౌలు... వీటిలో ఏదీ నేను బేరమాడలేను. డీజిల్ రేటు నేను చెప్పను, యూరియా రేటు నేను చెప్పను. నేను బేరమాడగలిగేది ఒక్క కైకిలి మీదే. నిజంగా చెప్తున్నా, అందుకే అక్కడే గట్టిగా పట్టుకుంటాం.

మక్తల్ పిల్ల:

అన్నా, చివరి రెండు మాటలు మీరు నిజాయితీగా రాశారు, దానికి దండం. ఆ గంటల లెక్క మాత్రం సగమే రాశారు.

పదింటికి వస్తారు, కరెక్టే. మరి ఆ పదింటి లోపల? నీళ్లు పట్టాలి, బర్రె పని చూడాలి, వండి సద్ది కట్టాలి, పిల్లలను బడికి తోలాలి. కేంద్ర ప్రభుత్వమే 2019లో ఎవరు ఏ పనికి ఎంతసేపు పెడుతున్నారని సర్వే చేస్తే, ఇంటి చాకిరీ చేసే ఆడవాళ్లు దానికి రోజుకు 299 నిమిషాలు పెడుతున్నారని తేలింది. చేసే మగవాళ్లు 97 నిమిషాలు. చేయని మగవాళ్లను ఆ సగటులో కలపనే లేదు. రోజుకు ఐదు గంటల ఇంటి చాకిరీ మోస్తూ మీ మడిలో దిగే మనిషిని లేటు అంటున్నాం మనం.

మాది వలస ఇల్లు. పాలమూరు లేబర్ అంటే తెలుసు కదా, కాల్వలు, డ్యాములు, రోడ్లు దేశమంతా తవ్విన వాళ్లం. మేస్త్రి దసరా తర్వాత వచ్చి అడ్వాన్స్ ఇచ్చేవాడు. ఆ అడ్వాన్స్ మా నాన్న పేరు మీద, లెక్క మాత్రం జోడీకి. అంటే మొగుడూ పెళ్లాం కలిపి ఒక్క పద్దు. నాన్న తవ్వేవాడు, అమ్మ తట్ట ఎత్తి గట్టు మీదికి మోసేది. బరువు గురించి మాట్లాడుతున్నాం కాబట్టి చెప్తున్నా, ఆ జోడీలో బరువు మోసింది అమ్మ. తవ్వేది మగపని కాబట్టి రేటు ఎక్కువ, తట్ట ఆడపని కాబట్టి తక్కువ. చివర హిసాబు చేసినప్పుడు మేస్త్రి నోట్‌బుక్‌లో అమ్మ పేరే లేదు. ఫలానా ఆయన జోడీ, ఇన్ని రోజులు, ఇంత ఖర్చు, ఇంత బాకీ. ఆమె ఎంత సంపాదించిందో ఆమెకూ తెలియదు, నాన్నకూ తెలియదు.

అమ్మ పేరు మొదటిసారి మస్టర్ (హాజరు పట్టీ) మీదికి వచ్చింది ఉపాధి హామీలో. 2006లో మొదటి విడత జిల్లాల్లోనే మహబూబ్‌నగర్, నల్గొండ రెండూ ఉన్నాయి. అందులో ఆడ రేటు మగ రేటు అని లేదు, కొలత ఎంత వస్తే అంత, ఇద్దరికీ ఒకటే. 2025-26లో మన రాష్ట్రానికి రేటు 307. "అంత తక్కువకు ఎవరొస్తారు" అంటారు కదా, ఎండాకాలం వెళ్లి చూడండి, సగం కంటే ఎక్కువ ఆడవాళ్లే. మగవాళ్లకు అది తక్కువ. ఆడవాళ్లకు మాత్రం రైతు దగ్గర "నీ రేటు నచ్చకపోతే నేను కరువు పనికి పోతా" అనే ఒక మాట దొరికింది. ఆ మాట నాట్లప్పుడు ఉండదు, పని ఎండాకాలమే ఎక్కువ పెడతారు కాబట్టి. ఎందుకు అప్పుడే పెడతారో రైతన్నలకు తెలుసు :)

ఇంకోటి కూడా. 2023 డిసెంబర్ నుంచి బస్సు ఫ్రీ అయ్యాక మా వైపు ఆడవాళ్లు పక్క మండలానికి కూడా కూలికి పోతున్నారు. ఆ ఊరి రేటు ఈ ఊరికి తెలుస్తోంది. ఫ్రీ బస్సును ఎంత వెక్కిరించినా సరే, కైకిలి బేరంలో అది పనికొచ్చింది.

హమాలీ తమ్ముడు:

నాన్న చెప్పింది కరెక్టే బ్రో. కొనుగోలు కేంద్రంలో 40 కిలోల సంచి ఎత్తి లారీ మీద నెట్టు కట్టి చూడు, తర్వాత సమాన వేతనం మాట్లాడుదాం.

మక్తల్ పిల్ల:

నీకు సంచికి ఇంత అని ఇస్తారు తమ్ముడూ, ఎంత మోస్తే అంత. అది న్యాయమే, నేను కాదనలేదు. ఒడ్డు చెక్కే పారకు, నారు కట్టకు మధ్య ఏ కాంటా పెట్టి తూచి 800, 400 చేశారో అది చెప్పు.

క్లాక్‌టవర్ లెక్చరర్:

నల్గొండలో డిగ్రీ పిల్లలకు ఎకనామిక్స్ చెప్తాను. చట్టం సంగతి అడిగారు కాబట్టి అది ముందు.

సమాన వేతనాల చట్టం మనకు 1976 నుంచి ఉంది. అంతకు ముందే 1951లో అంతర్జాతీయ కార్మిక సంస్థ చేసిన సమాన వేతన ఒప్పందం మీద 1958లో మన దేశం సంతకం పెట్టింది. ఇప్పుడు ఆ చట్టం స్థానంలో 2019 వేతనాల కోడ్ వచ్చింది. అందులోనూ మాట అదే: ఒకే పనికి లేదా అలాంటి పనికి ఆడా మగా తేడా చూపించి కూలీ తగ్గించకూడదు. ఒక కంపెనీలో లేడీ స్టెనోగ్రాఫర్ వేసిన కేసులో 1987లో సుప్రీంకోర్టు ఆమె వైపే తీర్పు ఇచ్చింది. కంపెనీ అప్పుడు ఏం వాదించింది? వీళ్లది వేరే రకం ఉద్యోగం, ఆ ఉద్యోగంలో మగవాళ్లే లేరు, ఇక తేడా ఎక్కడిది అని. కోర్టు ఒప్పుకోలేదు, పేరు కాదు, చేసే పని చూడాలి అంది.

మన పొలాల్లో జరుగుతున్నది అచ్చంగా ఆ కంపెనీ వాదనే. పనినే రెండు ముక్కలు చేసి పెట్టాం. నాటు, కలుపు, పత్తి ఏరడం ఆడవాళ్లవి. ఒడ్లు, మందు కొట్టడం, మోత మగవాళ్లవి. ఒకే పనికి రెండు రేట్లు ఉంటే చట్టం పట్టుకుంటుంది, రెండు పనులకు రెండు రేట్లుంటే "అలాంటి పని" అని రుజువు చేయాల్సింది కూలీ మనిషే. స్టెనోగ్రాఫర్‌కు అపాయింట్‌మెంట్ ఆర్డర్ ఉంది, జీతం రసీదు ఉంది. కలుపు తీసే ఆమె దగ్గర ఏముంది? పొలం ఒడ్డు మీదికి లేబర్ ఆఫీసర్ వచ్చి రిజిస్టర్ చూపించమన్న ఊరు మీలో ఎవరైనా చూస్తే చెప్పండి, నేను స్వీట్లు పంచుతాను.

ఇది ఒక్క తెలంగాణ గోల కాదు. ఇండియాలో పనిచేసే ప్రతి పది మందిలో దాదాపు తొమ్మిది మంది ఇలా కాగితం లేని పనిలోనే ఉన్నారు. బంగ్లాదేశ్‌లో ఆడవాళ్లు లక్షల్లో బట్టల ఫ్యాక్టరీల్లోకి వెళ్లారు, కాగితం వచ్చింది, నెల జీతం వచ్చింది. కానీ 2013లో రానా ప్లాజా కూలి 1,100 మందికి పైగా చనిపోయారు, కనీస వేతనం 12,500 టాకాలు కావడానికి 2023 దాకా రోడ్ల మీద కొట్లాడాల్సి వచ్చింది. కాగితం వస్తే పోరాటం చేయడానికి ఒక గేటు దొరుకుతుంది. మన కలుపు కూలీకి ఆ గేటు కూడా లేదు, రోజుకో రైతు.

ఇక ఒక అంకె గురించి నాకు చాన్నాళ్లుగా కడుపుమంట. 15 ఏళ్లు దాటిన ఆడవాళ్లలో పనిలో ఉన్నవాళ్లు, పని వెతుక్కుంటున్నవాళ్లు కలిపి 2017-18లో 23.3 శాతం ఉంటే 2023-24కి 41.7 శాతం అయ్యారని కేంద్రం సర్వే. పేపర్లో హెడ్డింగ్ చూసి మా స్టాఫ్‌రూంలో చప్పట్లు కొట్టారు. లోపలికి పోయి చూస్తే పెరిగిన దాంట్లో పెద్ద వాటా పల్లెల్లో సొంత పని, ఇంటి సేద్యంలో, ఇంటి కొట్లో జీతం లేకుండా చేసే సాయం. పనిచేస్తున్నట్టు లెక్కలోకి ఎక్కారు, చాలామంది చేతికి మాత్రం రూపాయి లేదు. ప్రశ్న అడిగిన తమ్ముడూ, మీ అమ్మగారు కూడా ఆ లెక్కలోనే ఉంటారు. లెక్కలు రాశానన్నారు కదా, ఆమె పేరు ఎన్ని పేజీల్లో ఉంది?

నకిరేకల్ బత్తాయి:

లేదు సార్. ఒక్క పేజీలో లేదు. కూలోళ్లకు చాయ్ అని ఖర్చు రాశాను, పెట్టింది ఆమె.

మగ్గం గుంట:

పోచంపల్లి వైపు నుంచి. పొలం సంగతి నాకు తెలియదు, మగ్గం సంగతి చెప్తా, మీ బీహార్ ముఠా కథే ఇది.

ఇక్కత్ చీరకు ముందు ఆసు పోయాలి. అర్ధచంద్రం లాగా మేకులు కొట్టి ఉంటాయి, మధ్య మేకు నుంచి అంచు మేకుకు, మళ్లీ వెనక్కి దారం తిప్పుతూ ఉండాలి. ఒక్క చీరకు చెయ్యి 9 వేల సార్లు అటూ ఇటూ పోవాలి. చేసేది ఇంటి ఆడవాళ్లు. భుజం పట్టేసి రాత్రి అన్నం ముద్ద కలుపుకోలేని వాళ్లను మా ఇంట్లోనే చూశాను. తర్వాత కండెలు చుట్టడం, చిటికి కట్టడంలో (రంగు అంటకుండా దారానికి ముడులు వేయడం) చెయ్యి వేయడం, అదీ వాళ్లదే. పైసలు ఎట్లా వస్తాయి? మాస్టర్ వీవర్ (నూలు ఇచ్చి నేయించుకునే ఆసామి) వార్పుకు (మగ్గానికి ఒకసారి ఎక్కించే పడుగుకు) ఇంత అని నేత నేసిన మగ మనిషి చేతిలో పెడతాడు. ఆసుకు విడిగా రేటు లేదు. అడిగితే "ఇంటి పనే కదా" అంటారు.

ఆలేరు దగ్గర శారాజీపేట చింతకింది మల్లేశం గారు, వాళ్ల అమ్మ భుజం నొప్పి చూడలేక ఏళ్ల తరబడి తంటాలు పడి 1999లో ఆసు మిషన్ చేశాడు, 2017లో పద్మశ్రీ వచ్చింది. చాలా మంచి పని, మా ఇళ్లలో ఆడవాళ్లు ఆయన పేరు చెప్పి దండం పెడతారు. నేను చెప్పేది అది కాదు. మా వీధిలో మిషన్ పెట్టుకున్నాయన వేరేవాళ్ల చీరలకు కూడా ఆసు పోసి ఇస్తాడు, చీరకు ఇంత అని తీసుకుంటాడు. ఎవరూ "ఇంటి పనే కదా" అనరు, నోరెత్తకుండా ఇస్తారు. ఆడమనిషి చెయ్యి తిరిగినన్నాళ్లు సున్నా, మోటర్ తిరిగితే రేటు. మీకు మగ పిల్లలు దిగితే రేటు, మాకు మిషన్ దిగితే రేటు.

గద్వాల సీడ్:

బరువు వాదన మీద ఒక్క మాట. మా జోగులాంబ గద్వాలలో పత్తి విత్తనాల పంట ఉంటుంది, కంపెనీలకు పోయేది. అందులో ప్రాణం అంతా క్రాసింగ్ పనే. సాయంత్రం మర్నాడు విచ్చే మొగ్గలను వెతికి, గోటితో పై రెక్కలు, పుప్పొడి భాగం ఒలిచేయాలి. లోపలి కాడకు గోరు తగిలితే ఆ మొగ్గ పోయినట్టే. తెల్లారి మగ చెట్టు పువ్వు తెచ్చి దాని మీద రుద్దాలి, అదీ ఎండ ముదిరే లోపే. చెట్టుకు ఎన్ని మొగ్గలు, ఎకరానికి ఎన్ని చెట్లు, ఆలోచించండి.

ఈ పనికి ఏళ్ల తరబడి ఆడపిల్లలనే పెట్టారు, బడి మాన్పించి మరీ, తల్లిదండ్రులకు ముందే అడ్వాన్స్ ఇచ్చి. ఎందుకు అంటే "వాళ్ల వేళ్లు సన్నగా ఉంటాయి, ఓపిక ఎక్కువ, మగపిల్లలకు ఈ పని రాదు" అనేవాళ్లు. సరే, మగవాళ్లకు రాని పని ఆడపిల్లలకు వస్తే దానికి రేటు ఎక్కువ ఉండాలి కదా? అన్నిటికంటే తక్కువ అదే. గొడవలు, రైడ్లు, కంపెనీల మీద ఒత్తిడి వచ్చాక చిన్నపిల్లలు తగ్గారు, ఆ పని పెద్ద ఆడవాళ్ల మీదికి వచ్చింది. బరువు మోస్తే బరువుకు పైసలు, నేర్పుంటే నేర్పుకు పైసలు ఇయ్యరట. అప్పుడు ఇది బరువు లెక్క కాదు, ఇంకేదో లెక్క. రైతన్న ముందే ఒప్పుకున్నాడు, బేరమాడగలిగేది ఎక్కడ ఉంటే అక్కడ పట్టుకుంటామని.

ఎడమకాల్వ రైతు:

నా మాట నాకే తిప్పికొట్టారు, బాగుంది :) ఒప్పుకుంటా. కానీ ఒకటి, ఆడవాళ్లు బేరమాడరని అనుకోకండి. నాట్లు జోరు మీదున్న ఆ వారం పది రోజులు మా ముఠా పెద్దమ్మ నా దగ్గర ఆటో కిరాయి, చాయ్, పైన మనిషికి వంద పిండుకుంటుంది. కలుపు వచ్చేసరికి మళ్లీ పాత రేటే. కలుపు మందులు వచ్చాక కలుపుకు మనుషులను బతిమాలే పని రైతుకు తగ్గిపోయింది, అదీ సంగతి.

తమ్ముడూ, నీ రెండో ప్రశ్నకు నా సలహా. దినకూలీ రేటు ముట్టుకోకు, ఊరితో గొడవ. యాసంగి నాటుకు మన ఆడవాళ్ల ముఠాకే ఎకరం గుత్తకు ఇయ్యి, బీహార్ వాళ్లకు ఇచ్చే 4,500 మీద ఇంకో 500 వేసి. దినకూలీ లెక్కన నీకు అయ్యే ఖర్చు కూడా దాదాపు అంతే. నారు పీకడం, మోయడం వాళ్లే చూసుకుంటారు. తొందరగా అయిపోతే వాళ్లు రెండో ఎకరం పట్టుకుంటారు, తలకు ఎక్కువ పడుతుంది. గుత్త రేటును ఎవరూ ఆడ రేటు మగ రేటు అనరు. మా వైపు రెండు ముఠాలు ఇట్లా మొదలుపెట్టాయి.

నకిరేకల్ బత్తాయి:

ఇది చేయొచ్చు అనిపిస్తోంది అన్నా. పైసలు పెద్దమ్మకు ఒక్కదానికే కొట్టాలా, అందరికీ విడివిడిగానా?

మక్తల్ పిల్ల:

విడివిడిగా. పెద్దమ్మ మంచిదే కావచ్చు, అయినా విడివిడిగానే. ఫోన్ నంబర్ అడిగేటప్పుడు కూడా చూసుకోండి, చాలామంది ఇంటాయన నంబరో కొడుకు నంబరో చెప్తారు. ఆమెకు బ్యాంకు ఖాతా ఉంటే అందులో వేయండి, లేదంటే నోట్లు తెచ్చి చేతికివ్వండి.

గుత్తలో ఒక తిరకాసు ఉంది, అది కూడా ముందే మాట్లాడుకోండి. దినకూలీలో అందరితో పాటు యాభై ఐదేళ్ల ఆమె కూడా వస్తుంది, వరుసలో కొంచెం వెనకబడితే పక్కామె రెండు మొనలు కలిపి నాటి సర్దేస్తుంది. గుత్త అనగానే చెయ్యి చురుకున్న వాళ్లనే ముఠాలో పెట్టుకుంటారు, మా అమ్మ వయసు వాళ్లను మానేయమంటారు. మా దగ్గర పల్లి పీకుడు గుత్తకు ఇచ్చినప్పుడు అదే అయింది, ముసలమ్మలంతా ఇంటి దగ్గర కూర్చున్నారు. మీ పెద్దమ్మతో రేటు తేల్చేముందు పాత ముఠాలో ఉన్న మనుషులంతా ఉంటారా లేదా అడగండి. ఉండరు అంటే, కనీసం నారు కట్టలు కట్టే పనైనా వాళ్లకు దినకూలీ మీద విడిగా ఇవ్వగలరేమో చూడండి.

ఎడమకాల్వ రైతు:

కట్టలు కట్టే పనికి విడిగా దినకూలీ ఇస్తే నా 5,000 లెక్క తప్పుతుంది. ఎకరానికి ఇంకో 800 వేసుకో తమ్ముడూ, మీ నాన్నకు మాత్రం ఈ 800 సంగతి ఇప్పుడే చెప్పకు.